రుక్కమ్మ అన్న మాట

నిజాంపేట,
16 సెప్టెంబర్ 2011

ప్రియమైన కిరణన్నయ్యకు,

చెల్లెలు ఎవాంజెలిన్ వందనాలు. మణికొండలో ఉన్న అన్నయ్యకు నిజాంపేట నుంచి ఉత్తరమేమిటని నవ్వకు. మా హాస్టల్లో ఫోన్లు ఆదివారం మధ్యాహ్నమే చేతికిస్తారు. ఆ వేళకు నువ్వు నైట్ షిఫ్టు ముగించి నిద్రపోతుంటావు. సకల జనుల సమ్మె మొదలైంది కాబట్టి రేపోమాపో బస్సులూ ఆగిపోతాయంటున్నారు. ఇక మిగిలింది పోస్టు డబ్బా.

ఇంకో కారణం మా తెలుగు లెక్చరర్ రామబ్రహ్మం గారు. డిగ్రీలో తెలుగు తీసుకున్నానని తెనాలిలో అమ్మ ఇంకా ముఖం ముడుచుకునే ఉంది కానీ, ఆయన క్లాసు ఒక్కటి వింటే నువ్వు కూడా కాల్ సెంటర్ మానేసి వచ్చి నా పక్కన కూర్చుంటావు. "రోజుకొక మనిషిని చూడండి. చూసింది దూరంగా ఉన్నవాళ్ళకి రాయండి. వాళ్ళకి ఆ మనిషి కనబడితే మీకు రాయడం వచ్చినట్టు" అన్నారు. అందుకని నీకు ఒక మనిషిని పంపిస్తున్నాను.

పేరు సుబ్బలక్ష్మి. మా హాస్టల్ కింద గదిలో కర్రీ పాయింట్ నడుపుతారు. ఊరు భీమవరం. చేతిలో గరిటె లేకుండా మాట్లాడలేరు. మనం వాక్యం చివర చుక్క పెట్టినట్టు, ఆవిడ మాట ముగియగానే గరిటెతో గుండిగ అంచు మీద టంగుమని కొడతారు. నిన్న మా హాస్టల్ ఇంటి ఓనర్ రుక్కమ్మ ఆ దుకాణం అరుగు మీద కూర్చుని సమ్మె కబుర్లు చెబుతోంది. సుబ్బలక్ష్మి గారు పప్పుచారు కలుపుతూ అందుకున్నారు: "ఎంత అరిచినా పొద్దుగూకేసరికి నా పప్పుచారు దగ్గరికి రావలసిందేగా మీ ఉద్యమం!" టంగ్!

రుక్కమ్మ ఏదో జవాబిచ్చింది. నేను అప్పటికి మెట్లెక్కేస్తున్నాను, సరిగా వినబడలేదు. వెనక్కి దిగి వినొచ్చు గానీ, ఆ చప్పుడు దగ్గర ఆపితేనే బాగుందనిపించి ఆపేశాను.

సుబ్బలక్ష్మి గారు కనబడ్డారా? నిజం చెప్పు.

మెదక్‌లో పెద్దమ్మకూ పెదనాన్నకూ ఫోన్ చేసినప్పుడు నా వందనాలు చెప్పు.

నీ చెల్లెలు,
ఎవా

•

మణికొండ,
20 సెప్టెంబర్

చెల్లె ఎవాకు,

కనబడ్డది. గరిటె కనబడ్డది, దాని వెనక పొగరు గూడ కనబడ్డది. రామబ్రహ్మం సారుకు చెప్పు, నీకు రాసుడొచ్చిందని.

చేత్తోని తెలుగు రాసి ఎన్నేండ్లయిందో. అక్షరాలు కోడి గీకినట్టున్నయి, ఎక్కిరించకు. ఎక్కిరింపులు నాకు ఆఫీసుల కావల్సినన్ని ఉన్నయి. మొన్న మాదాపూర్ ఆఫీసుల అందరం కూసోని తింటున్నం. అమ్మతోని ఫోన్ల మా యాసల మాట్లాడుతుంటే మా టీం లీడర్ విన్నడు. "కిరణ్, నువ్వు కస్టమర్లతో ఇంగ్లీషులో మాట్లాడతావు కాబట్టి కంపెనీ బతికిపోయింది" అన్నడు. బల్ల చుట్టు ఉన్నోళ్ళంత నవ్విన్రు. నేను గూడ నవ్విన. ఎందుకు నవ్విన్నో నాకే తెల్వదు.

ఆ ముచ్చట నెట్‌ల ఒక గ్రూపుల రాసిన. 'మన బిడ్డలు' అని పేరు. అక్కడ ఎవ్వరు సొంత పేర్లు పెట్టుకోరు. నా పేరు 'మెతుకు పోరడు', మా మెదక్‌ను మెతుకుసీమ అంటరు గద, దాని మీద. దాన్ని నడిపే అన్న పేరు 'నిప్పురవ్వ'. నేను రాసిన కాసేపటికే ఫోన్ చేసిండు. మొదటి మాట ఏమన్నడో తెలుసా? "తమ్మీ, అన్నం తిన్నవా?" ఆఫీసుల ఒక్కడన్న ఎప్పుడన్న అడిగిండా ఆ మాట! ఇంటి సంగతులన్ని అడిగిండు. నాన్న ఏం చేస్తడు, అమ్మది ఏ ఊరు, అన్ని చెప్పుకున్న. మనసు తేలికయింది.

నీ పప్పుచారు వాక్యం గూడ నిన్న అక్కడ పెట్టిన. నీ పేరు పెట్టలే, ఫికర్ చేయకు. మూడు వందల మంది చప్పట్లు కొట్టిన్రు. టంగ్ అన్నది గూడ ఇడిచిపెట్టకుండ రాసిన. ఆ దుకాణం యాడ ఉన్నదని అడుగుతున్నరు, ఊరికెనే. ఇంకింత రాయి. నీ రాతల కారం ఉన్నది.

అన్న,
కిరణ్ పాల్

•

నిజాంపేట,
24 సెప్టెంబర్

ప్రియమైన అన్నయ్యకు,

మూడు వందల మందా! నీ ఉత్తరం చేతిలో పట్టుకుని హాస్టల్ డాబా మీద రెండు చుట్లు తిరిగాను. మా కాలేజీ గోడపత్రికను చదివేది పదిమంది, అందులో ముగ్గురు అచ్చుతప్పులు వెతకడానికి వస్తారు. నా వాక్యాన్ని మూడు వందల మంది చదివారంటే కాళ్ళు నేల మీద నిలవలేదు.

పొగరు అన్నావు. నేను ఆ మాట రాయలేదు కదా. అయినా చదివేవాళ్ళకి ఎవరికి తోచింది వాళ్ళకి తోస్తుందని సారు అంటారు.

దుకాణం ఎక్కడని అడుగుతున్నారన్నావు. నిజాంపేట క్రాస్ రోడ్స్ నుంచి లోపలికి వస్తే వాటర్ ట్యాంకు దాటాక రెండో సందు. పచ్చటి బోర్డు. బోర్డు మీద ఒక గుమ్మడికాయకు మీసాలు గీసి ఉంటాయి, ఎందుకో ఎవరికీ తెలియదు. మీ వాళ్ళెవరైనా వస్తే గోంగూర పచ్చడి తినమను.

సమ్మె వల్ల క్లాసులు జరగడం లేదు. వచ్చే ఆదివారం గాంధీ జయంతికి క్రాస్ రోడ్స్‌లో వంటావార్పు ఉందట. రుక్కమ్మ చీర కొంగు బిగించి ఇప్పటి నుంచే హడావుడి. పెదనాన్న కూడా మెదక్‌లో ఇలాగే రోడ్డు మీద పొయ్యి పెట్టించి వండుతున్నారని పెద్దమ్మ చెప్పింది. హెడ్మాస్టరు గారు ఉల్లిపాయలు తరుగుతుంటే చూడాలని ఉంది నాకు.

ఒక్కటి అడుగుతాను. టీం లీడర్‌కి జవాబు ఇవ్వాల్సింది బల్ల దగ్గర కదా, నెట్‌లో ఎందుకు రాశావు?

నీ చెల్లెలు,
ఎవా

•

మణికొండ,
28 సెప్టెంబర్

ఎవాకు,

బల్ల దగ్గర జవాబియ్యాల్నట. తెనాలి నుంచి వచ్చి మూడు నెలలు కాలేదు, నాకు ధైర్యం నేర్పుతున్నది! నువ్వు ఇక్కడ ఏ దుకాణంలకు పోయినా నీ భాషను ఎవ్వడు నవ్వడు. సినిమాల హీరోలు నీ లెక్కనే మాట్లాడుతరు, మా లెక్క మాట్లాడేటోడు జోకరో రౌడీనో అయితడు. చిన్నప్పటి సంది చూసుకుంట పెరిగినోనికి తెలుస్తది అదేందో.

గోంగూర తినమను అని రాసినవు. నీకు అంత నవ్వులాటనే. గ్రూపుల నీ వాక్యం కింద ఎంత కోపం ఉన్నదో చూస్తే నీకు నవ్వు రాదు. తిండి పెట్టి మన ఉద్యమాన్ని ఎక్కిరిస్తదా అని ఒకడు. అసొంటి దుకాణాలన్ని లెక్క తీయాలె అని ఒకడు. నేనే ఇంకో నాలుగు ముక్కలు కలిపి రాసిన. నీ వాక్యం ఇప్పుడు నీది గాదు, మాది.

ఇగ నాన్న సంగతి. బడి బంద్ పెట్టి టెంటు కింద కూసున్నడు. రోడ్డు మీద అన్నం వండి పోలీసోళ్ళకు గూడ వడ్డించిండట! "వాళ్ళు గూడ మన పిల్లలే గదరా" అంటడు. వండుకోని తింటే రాష్ట్రం వస్తదా? నిప్పురవ్వ అన్న అంటడు, "తమ్మీ, మంట పెట్టాల్సింది పొయ్యి కింద గాదు" అని. నాన్నకు ఈ మాట చెప్తే ఫోన్ పెట్టేసిండు.

నువ్వు ఆ దుకాణంల తినుడు బంద్ చెయ్యి. ఆదివారం నాడు దాని దగ్గర నిలబడకు. గదిలనే ఉండు. ఇంతకన్న రాయను.

కిరణ్

•

నిజాంపేట,
4 అక్టోబర్

కిరణ్ పాల్ గారికి,

ఆదివారం అక్కడ నిలబడవద్దని మీరు రాసిన ఉత్తరం సోమవారం అందింది. కాబట్టి నిలబడ్డాను.

మీకు కనబడేలా రాస్తాను, చదవండి. ఉదయం వంటావార్పుకు పప్పుచారు కాగుతోంది. కాచేది రుక్కమ్మ. క్రాస్ రోడ్స్‌లో ఎంతమంది వచ్చినా సరిపోవాలని సుబ్బలక్ష్మి గారి పెద్ద గుండిగలు రెండూ అడిగి తీసుకుంది, పొయ్యి కూడా ఆవిడదే. సుబ్బలక్ష్మి గారు ఆ రోజు దుకాణం మూసేసి చింతపండు పిసుకుతున్నారు. మీ ఉద్యమానికి, ఆవిడ దుకాణంలో.

మూడు బండ్ల మీద ఆరుగురు వచ్చారు. ఒకడి చేతిలో ఇనుప రాడ్డు, ఇంకొకడి చేతిలో ఫోను. ఫోనువాడు చదివాడు: "ఎంత అరిచినా పొద్దుగూకేసరికి నా పప్పుచారు దగ్గరికి రావలసిందేగా మీ ఉద్యమం." నా వాక్యం. ఒక్క అక్షరం పోలేదు. వాడు చదవడం ముగించగానే రాడ్డువాడు గుండిగ అంచు మీద కొట్టాడు. టంగ్. అది కూడా నేర్చుకునే వచ్చారు.

రుక్కమ్మ అడ్డం వచ్చింది. "ఎవర్రా మీరు? ఏ ఊరోళ్ళు? ఎవని బిడ్డలు?"

"ముసల్దానా, పక్కకు జరుగు. ఆంధ్రోళ్ళ ఉప్పు తింటున్నవా?"

"నా ఇంట్ల నిలబడి నన్నే జరగమంటవారా బాడ్కావ్! చెప్పు తెగుతది!"

ఎవడు తన్నాడో నాకు కనబడలేదు. గుండిగ ఒరిగింది. మరుగుతున్న చారు రుక్కమ్మ ఎడమ కాలి మీద, మోకాలి నుంచి వేళ్ళ దాకా పడింది. ఆమె అరుపు నేను మీకు రాయను. రాయడం చేతకాక కాదు, ఇంకొకరెవరైనా చప్పట్లు కొడతారని.

బంద్ కదా, ఆటో దొరకలేదు. కూరగాయల తోపుడుబండి మీద పడుకోబెట్టి సుబ్బలక్ష్మి గారూ నేనూ దవాఖానకు తోసుకుంటూ వెళ్ళాం. దారి పొడుగునా ఆవిడ బిందెతో నీళ్ళు పోస్తూనే ఉన్నారు.

దుకాణం గుర్తులు రాసిచ్చింది నేనే. వాటర్ ట్యాంకు, రెండో సందు, మీసాల గుమ్మడికాయ. అది నేను మోస్తాను. మీరు ఒక్కదానికి జవాబివ్వండి. ఆదివారం అని మీకెలా తెలుసు?

ఎవాంజెలిన్

•

మణికొండ,
7 అక్టోబర్

ఎవాంజెలిన్ గారికి,

గారు అని రాస్తే నాకు గూడ రాయొస్తది.

నాకు తెలిసింది ఇంతే: బోర్డు దించి ఫొటో తీస్తరని. రాడ్డు సంగతి నాకు తెల్వదు. నేను మాటలు రాసిన. మాటలకు కాళ్ళుంటయా? వాటికి నేను బండ్లు కొనిచ్చిన్నా?

అయినా నువ్వు రాసిందంత నిజమని ఏం నమ్మకం? గ్రూపుల వేరే తీర్గ ఉన్నది. దుకాణపామెనే చారు ఒంపి మా మీదికి నెట్టిందని, టీవీలల్ల చూపించి ఉద్యమాన్ని బద్నాం చేస్తరని. రుక్కమ్మ అనేటామె మనామె గాదట, భీమవరం చుట్టమట. ఫొటో గూడ పెట్టిన్రు. తన్నింది ఎవడో నువ్వే చూడలే అంటివి. మరి మావోడే అని ఎట్ల అంటవు? నీది ఆ పక్క గనక, నీకు ఆ పక్కనే కనబడ్డది.

ఇంకొకటి. హాస్టల్ పిల్ల ఒకతి పోలీసులకు సాక్ష్యం చెప్తదని నిన్న గ్రూపుల వచ్చింది. ఎవరా పిల్ల, ఏ గది అని అడుగుతున్నరు. ఆ పిల్ల నోరు మూసుకొని ఉంటే ఆమెకే మంచిది. అర్థమయితే చాలు.

కిరణ్ పాల్

•

నిజాంపేట,
10 అక్టోబర్

కిరణ్ పాల్ గారికి,

మీ బెదిరింపు అందింది. చేతిరాత గుర్తుపట్టాను. వేసవి సెలవుల్లో తెనాలి సండే స్కూల్లో కంఠత పట్టిన బైబిల్ వాక్యం మర్చిపోయి నేను నిలబడిపోతే వెనక బెంచీ నుంచి మొదటి మాట అందించిన అన్నయ్య చేతిరాతే. ఇప్పుడు నోరు మూసుకోమంటున్నాడు. సాక్ష్యం చెప్పే పిల్లను నేనే. పై అంతస్తు, మెట్ల పక్క గది. మీ నిప్పురవ్వ అన్నకు చెప్పండి, వెతుక్కునే శ్రమ తప్పుతుంది.

నాది ఆ పక్క అన్నారు. ఆ పక్క ఎలా ఉంటుందో కూడా చూసి వచ్చాను, వినండి. నా గదిలో ఉండే అమ్మణ్ణిది ఏలూరు. వాళ్ళ అన్నయ్యకూ ఒక గ్రూపు ఉందట, మీదానికి ఎదురుది. "కళ్ళారా చూశావు, పైగా బాగా రాస్తావు. నాలుగు ముక్కలు రాసివ్వవే, ఆ అలగా జనానికి బుద్ధొస్తుంది" అంది. కూర్చుని రాశాను. ఎంత బాగా వచ్చిందనుకున్నారు! ఒక ప్రాంతానికంతటికీ సరిపోయే ఒక్క విశేషణం దొరికింది. అది దొరికినప్పుడు ఒంట్లోకి ఎంత హాయి వచ్చిందో చెప్పలేను. ఎండలో తిరిగొచ్చి చల్లటి నీళ్ళు తాగినట్టు. మీకూ అలాగే ఉండి ఉంటుంది, కాదా?

తర్వాత మళ్ళీ చదువుకున్నాను. ఆ విశేషణంలో ఉల్లిపాయలు తరిగే పెదనాన్న పడ్డారు. రుక్కమ్మ కూడా పడింది, కాలిన కాలితో సహా. చించేశాను. అమ్మణ్ణి నాతో మాట్లాడడం మానేసింది.

రుక్కమ్మ భీమవరం చుట్టమా? దవాఖానకు వచ్చి ఆమె తిట్లు వినండి. అచ్చం మెదక్‌లో మీ నానమ్మ తిట్లే. సుబ్బలక్ష్మి గారు గంజి తాగిస్తుంటే "ఉప్పు లేదు, నీ మొకం లెక్కున్నది" అంటోంది. ఈవిడేమో "కాలు కాలినా నోరు కాలలేదు దేవుడా" అంటున్నారు.

రావడానికి ధైర్యం లేకపోతే ఇంకో పని చేయండి. మీ గ్రూపులో ఒక్క వాక్యం రాయండి: "కాలింది రుక్కమ్మకు. ఆమె నిజాంపేటలో పుట్టిన మనిషి." రాశాక, అన్నం తిన్నావా అని ఎవరడుగుతారో చూద్దాం.

ఎవాంజెలిన్

•

మణికొండ,
13 అక్టోబర్

ఎవా,

నోరు మూసుకోమన్నది నిన్ను బెదిరించనీకి గాదు. వాళ్ళు నీ గది అడుగుతుంటే నాకు బుగులు పట్టింది. నా చెల్లె అని చెప్పలేక, నీకు సక్కగ రాయలేక, అట్ల రాసిన. రాసినంక చదువుకుంటే నిప్పురవ్వ మాట్లాడినట్టే ఉన్నది. అయినా డబ్బల ఏసిన.

నువ్వు చెప్పిన వాక్యం రాసిన. నువ్వు గెలుస్తవని గాదు, నువ్వు ఓడిపోతవని. మనోళ్ళు ఒక్కసారి ఆగుతరు, "అయ్యో, తప్పయింది" అంటరు అనుకున్న.

నిప్పురవ్వ ఫోన్ చేసిండు. అన్నం ముచ్చట లేదు. "తియ్యి" అన్నడు.

"నిజమే గదన్నా" అన్న.

"నిజం ఎవనిక్కావాలెరా? అది మనకు పనికొస్తదా, రాదా?"

తియ్యలే. కాసేపటికే నా మీదికి మర్లిన్రు. ముందుగాల ఒకడు, ఎనకనే అందరు. మొన్నటిదాంక చప్పట్లు కొట్టిన పేర్లే. 'మెతుకు పోరని అమ్మది తెనాలి' అని పెట్టిన్రు. 'సగం రక్తపోడు' అని పెట్టిన్రు. అమ్మది తెనాలి అని వాళ్ళకెట్ల తెలుసో తెలుసా? అన్నం తిన్నవా అని అడిగిన దినం నేనే చెప్పుకున్న. నా ఫోన్ నంబరు, మణికొండల నా రూము గుర్తులు అన్ని పెట్టిన్రు. బేకరీ పక్క సందు, నీలం గేటు. నీ మీసాల గుమ్మడికాయ యాదికొచ్చింది. నిన్న ఎవడో కిటికీ అద్దం పలగ్గొట్టి పోయిండు. ఆఫీసుకు గూడ ఫోన్లు చేసిన్రట. టీం లీడర్ నా దిక్కు చూస్తలేడు, నవ్వుతలేడు గూడ.

మొదట్ల ఎవ్వడు నాకు పగ నేర్పలేదు ఎవా. ఆఫీసుల ఏమైందిరా అని అడిగిన్రు. చెప్తే విన్నరు. ఎంత ఘాటుగ చెప్తే అంత ఎక్కువ విన్నరు. తెల్లారి ఇంకింత ఘాటు గావాల్నాయె. నా దగ్గర అయిపోతే నీ ఉత్తరంలకెల్లి తీస్కున్న.

నేను రాసినయన్ని తీసేసిన. అయినా పోలే. నీ వాక్యం ఇంక తిరుగుతనే ఉన్నది. మీ దిక్కు గ్రూపుల గూడ వచ్చిందట, చారు ఒలికిన దుకాణం ఫొటో కింద. వాళ్ళు గూడ చప్పట్లు కొడుతున్నరట.

బస్సులు నడవంగనే నేను మెదక్ పోతున్న. నాన్నకు ఏం చెప్పకు.

కిరణ్

•

నిజాంపేట,
17 అక్టోబర్

కిరణ్ పాల్‌కు,

జాలి పడమంటావా? కిటికీ అద్దానికి కొత్తది వేయించుకోవచ్చు. రుక్కమ్మ కాలికి తొడ చర్మం తీసి అతికించాలంటున్నారు.

పెదనాన్నకు చెప్పేశాను. మొత్తం చెప్పాను. అంతా విని "వాడు అన్నం తింటున్నడా బిడ్డా?" అన్నారు. ఫోను పట్టుకుని ఏడ్చాను, జాలితో కాదు, ఒళ్ళు మండి. అడగాల్సిన మనిషి అడిగేలోపే ఆ ప్రశ్నను ఇంకొకడు ఎత్తుకుపోయాడు కదా అని. నిజానికి ఎత్తుకుపోయిన పాపం వాడొక్కడిదే కాదు. మూడు నెలలుగా ఇదే ఊళ్ళో ఉండి నా వాక్యాలు ఎలా ఉన్నాయని అడిగానే గానీ, నువ్వెలా ఉన్నావని నేనూ అడగలేదు.

అయినా నిన్ను క్షమించానని అనుకోకు. ఎస్సై రెండుసార్లు వచ్చాడు. ఆరుగురి మొహాలూ చెప్పాను. పేర్లు చెప్పగలిగినవాళ్ళు లేరు. నీ దగ్గర కనీసం ఒక ఫోన్ నంబరైనా ఉంది. ఆ నంబరు నీ జేబులో ఉండగా మెదక్ బస్సెక్కితే, నాకు ఇక ఉత్తరం రాయకు.

అందాకా రుక్కమ్మను ఇంటికి తెచ్చారు. రాసింది మా అన్నయ్యేనని ఆమెతో చెప్పాను. పక్కనున్న మంచినీళ్ళ చెంబు గోడకేసి కొట్టింది. తర్వాత అంది: "గా పోరన్ని తోలుకరా. నాకు సదువు రాదు. ఏం రాసిండో వాడే సదివి ఇనిపియ్యాలె."

మెదక్ బస్సు ఈ దారిన వెళ్ళదు. అయినా ఇటు నుంచే వెళ్ళు.

ఎవాంజెలిన్

•

మెదక్,
25 అక్టోబర్

ఎవా,

నేను వచ్చినప్పుడు నువ్వు మెట్ల మీద నిలబడ్డవు. కిందికి దిగలే. దిగమని నేను అడగలే. అక్కడిదాంక వినబడి ఉండదు గనక, ఏం జరిగిందో రాస్తున్న.

రుక్కమ్మ నవారు మంచం మీద కూసున్నది. కాలు దిండు మీద ఉన్నది. సుబ్బలక్ష్మి గారు పొయ్యి దగ్గర, నా దిక్కు వీపు పెట్టి. అరటిపండ్లు తెచ్చి మంచం పక్కన పెట్టిన. "తీయి గవి" అన్నది రుక్కమ్మ. తీసిన.

"నువ్వేనా రాసింది? చూస్తె పాస్టరు కొడుకు లెక్కున్నవ్. సదువు."

ఫోన్ల దాచి ఉండె. నీ వాక్యం చదివిన. దాని కింద నేను కలిపిన ముక్కల కాడికి వచ్చి ఆగిపోయిన.

"ఆగినవేంది? రాసేటప్పుడు ఆగినవా? సదువు."

అంత చదివిన. 'ఈ గరిటెలు ఇరగ్గొట్టనిదే మన ఆకలి తీరదు' అన్నదాంక. నా మాటలు నా చెవులకే ఎవడో తాగుబోతు ఒర్లినట్టు వినబడ్డయి.

"ఇగ?"

"గంతే."

"గంతేనా?" మంచం పట్టె మీద చెయ్యి కొట్టింది. "మరి నేనన్నది ఏదిరా? నా మాట ఎటు పాయె?"

నాకు తెల్వదన్న. నా చెల్లెకు గూడ వినబడలేదట అన్న.

"గంత దూరం కెల్లి ఆమె మాట ఇనబడె, నా మాట ఇనబడలేదా! ఇను. 'అరిస్తె ఆకలైతది, వస్తం తీయవే. గని నీ చారుల నీళ్ళెవలియే? మోటర్ స్విచ్ నా చేతుల ఉన్నది. బంద్ పెట్టిన్నంటె చారు గాదు, ఒట్టి పప్పు నాకుతవ్!' అన్న. గదీ నేనన్నది."

పొయ్యి దగ్గర నుంచి, వెనక్కి తిరగకుండనే, సుబ్బలక్ష్మి గారు అన్నరు: "అన్నాక నా చేతిలో గరిటె చారులో పడిపోయిందండి, నవ్వు ఆపుకోలేక. అది తీయడానికి పట్టకారు వెతుక్కున్నాం ఇద్దరం."

నాతోని ఆమె మాట్లాడింది అదొక్కటే.

"ఇద్దరం కూసోని నవ్వుకున్న మాటరా అది" అన్నది రుక్కమ్మ. "ఎన్నేండ్ల సంది తిట్టుకుంటున్నమో. నిన్నెవడు పిలిచిండు మా నడుమల? లే. ఠాణకు పో. మల్ల నా గడప తొక్కకు."

పోయిన. ఒక్కన్నే పోయిన. ముందుగాల నా పేరు రాయించిన, మెతుకు పోరడు అంటే నేనే అని. తర్వాత నిప్పురవ్వ నంబరు ఇచ్చిన. ఆదివారం సంగతి నాకు ముందే తెలుసని గూడ చెప్పిన. అప్పుడే నేను ఫోన్ చేసి ఉంటే పోలీసులు వచ్చేటోళ్ళు, నేను చెయ్యలే. నువ్వు అడిగిన ప్రశ్నకు జవాబు అది. నా మీద గూడ కేసు అయితదట. ఉద్యోగం పోయింది, లెటర్ వచ్చింది. సమ్మె నిన్న ఆగింది, నాన్న బడికి పోతున్నడు. పొద్దున నా పళ్ళెంల అన్నం పెట్టిండు. తిన్న.

నా స్టేట్‌మెంట్ల రుక్కమ్మ మాట గూడ రాయాలె అని ఠాణల అన్న. ఎస్సై చిరాకు పడ్డడు. "చారు, మోటారు, ఈ కథంతా కేసులో ఎందుకయ్యా?"

"ఆమె నన్ను అడిగింది గదొక్కటే సార్. అది లేకుండ నేను సంతకం పెట్టను."

సరే రాయి అన్నడు. నేను చెప్తుంటే ఒక కానిస్టేబుల్ రాసుకుంట పోయిండు. ముందు సుబ్బలక్ష్మి గారి మాట. దాని ఎనకనే రుక్కమ్మ మాట. ఒట్టి పప్పు నాకుతవ్ అన్న కాడికి రాంగనే పెన్ను ఆపి, తల వెనక్కి ఏసి నవ్విండు. మనిషి ఏ ఊరోడో నాకు తెల్వదు.

మూడు వందల మందిల ఒక్కడు గూడ నవ్వలే ఎవా.

కిరణ్